పండు ఉప్పు

ఆదోని,
26 సెప్టెంబరు 1983

చెల్లెలు మహమూదాకు, మీ ఆపా మదార్‌బీ దువా.

ఉత్తరం మొదట్లో క్షేమం అని రాయడం అందరికీ అలవాటు. నాకు ఆ మాట దగ్గరే చెయ్యి ఆగిపోయింది. మీ దూలాభాయ్‌కి ఒంట్లో బాగాలేదు. ఇన్నేళ్ళ కాపురంలో ఆయన మంచం పట్టడం నేనెరగను. బక్రీద్ నాడు మూడు దేగ్‌ల బిర్యానీ దించి ఇంటికొచ్చి కూర్చున్నాడు. చెప్పులు విప్పబోతే కాళ్ళు బయటికి రాలేదు, అంత వాపు. పొద్దస్తమానం పొయ్యి దగ్గర నిలబడిన మనిషి, అందుకే వాచాయనుకున్నాను. తెల్లవారేసరికి మొహం కూడా ఉబ్బింది.

డాక్టరు దగ్గరికి తీసుకుపోయాను. మూత్రపిండాలు చెడ్డాయి, ఒంటికి నీరు పడుతోంది అన్నాడు. మాత్రలు రాసిచ్చి, నన్ను పక్కకు పిలిచి, "మాత్రలు సగమేనమ్మా. తక్కిన సగం నీ చేతిలో ఉండాది. ఉప్పు ఏసి పెట్టినావంటే మనిషి దక్కడు" అన్నాడు.

ఎవరికి చెప్పాడో చూడు ఆ మాట. దేగ్ మూత తీయకుండా, ఆవిరి వాసన పట్టి "గుప్పెడు తక్కువైనాది" అని చెప్పే మనిషికి. ఆదోని నుంచి ఎమ్మిగనూరు దాకా పెళ్ళిళ్ళలో ఆయన చిటికెన వేలు నాకి తల ఊపితే గానీ వడ్డన మొదలయ్యేది కాదు. నీకు వంట నేర్పింది కూడా ఆయనే కదా. ఇప్పుడు పెళ్ళిళ్ళకు ఆయనతో వండే కరీం సాబ్ ఒక్కడే పోతున్నాడు.

నేను జిన్నింగు మిల్లులో పత్తి ఏరే పనికి పోతున్నాను. దీపాలు పెట్టే వేళకు ఇల్లు చేరతాను. అప్పుడు పొయ్యి రాజేసి ఆయనకొక వంట, నాకొక వంట చేసే ఓపిక లేదు. ఓపిక ఉన్నా మనసొప్పదు. ఆయన ఉప్పు తినేదాకా నేనూ తిననని అనుకున్నాను. ఇద్దరం చప్పిడే తింటున్నాం. ఆయన మూడు ముద్దలు తిని పళ్ళెం తోసేస్తాడు. "గడ్డి పెట్టు, దానికన్నా రుచి ఉంటాది" అంటాడు. మనిషి చిక్కిపోతున్నాడు, వాపు మాత్రం తగ్గడం లేదు.

ఆ దేశంలో రకరకాల వంటలు చేస్తున్నావు కదా. ఉప్పు లేకున్నా నోటికి హితవుగా ఉండేది, సాయంత్రం ఇంటికొచ్చి గబుక్కున చేసుకునేది ఏదైనా ఉంటే రాయి. నీ పెట్టె, నీ రజాయి నా దగ్గర భద్రంగా ఉన్నాయి.

మదార్‌బీ


కువైట్,
14 అక్టోబరు 1983

ఆపాకు మహమూదా సలాం.

నీ ఉత్తరం చదివి వంటింట్లో కూర్చుని ఏడ్చాను. మా మేడం వచ్చి చూసి, ఉల్లిపాయలు కోశావా అంది. అవునన్నాను.

నీవడిగిన వంట నా దగ్గర ఉంది. మేడం ఆస్పత్రిలో నర్సు. సాయంత్రం ఆరింటికి వచ్చి, "మహమూదా, ఆకలి, త్వరగా అయ్యేది చెయ్" అంటుంది. వారంలో నాలుగు రోజులు నేను చేసేది ఇదే. దీన్ని ఇక్కడ మకరోనా అంటారు. మన సేమ్యాకు అన్నలాంటిది, కట్టె పుల్లల్లా పొడుగ్గా ఉంటుంది.

ఒక పక్క పెద్ద గిన్నెలో నీళ్ళు మరగపెట్టు. ఇంకో పక్క బాండలిలో నూనె పోసి, చితగ్గొట్టిన వెల్లుల్లి నాలుగు రెబ్బలు, ఒక ఎండుమిరపకాయ వెయ్యి. వెల్లుల్లి ఎర్రబడితే చేదెక్కుతుంది. వాసన రాగానే బాగా పండిన టమోటాలు చేత్తోనే పిసికి అందులో వెయ్యి. నీళ్ళు ఇగిరి నూనె పైకి తేలేలోపు ఈ పక్క సేమ్యా ఉడుకుతుంది. మెత్తబడనివ్వొద్దు. దూలాభాయ్ నాకు బిర్యానీ బియ్యం గోటితో నొక్కి చూపించి "ఒక కణి ఉండగానే దించల్ల" అనేవారు, గుర్తుందా. ఇదీ అంతే, లోపల గట్టిగా ఒక కణి మిగలాలి. మేడం మొదటి రోజే "నీకెవరు నేర్పారు" అని అడిగింది. మా దూలాభాయ్ అన్నాను.

ఉడికింది తీసి టమోటాలో వేసి రెండుసార్లు ఎగరెయ్యాలి. చివర్లో జైతూన్ పండ్లు, ఇంగ్లీషులో ఆలివ్ అంటారు, గింజ తీసి, ముక్కలు కోసి వేస్తాం. అవి పడ్డాయంటే ఇంక ఉప్పు గింజ కూడా వేయక్కర్లేదు. మన ఊళ్ళో దొరకవు కాబట్టి పుల్లటిది ఏదైనా వేసి చూడు. పులుపు, కారం, వెల్లుల్లి ఉంటే ఉప్పు లేని లోటు కాస్త కప్పుకుపోతుంది.

దూలాభాయ్‌ని నా మాటగా కోప్పడు. మాత్రలు మానొద్దని చెప్పు.

మహమూదా


ఆదోని,
6 నవంబరు 1983

మహమూదాకు, దువా.

చేశాను. రమజాన్‌కని మనం మంచం మీద ఆరబెట్టిన చేతి శావిగె డబ్బా అడుగున మిగిలుంటే మకరోనాకు బదులు అదే వాడాను. దేవనకొండ నుంచి టమోటాలు బండ్ల మీద వచ్చి రాసులు పడుతున్నాయి, వాటికి కొదవ లేదు. మిల్లు నుంచి వచ్చి, మొహం కడుక్కుని, పొయ్యి రాజేసిన అరగంటకు పళ్ళెంలో పెట్టాను. పుల్లటిదన్నావు కదా, ఉసిరికాయ తరిగి వేశాను.

ఆయన ముందు వాసన చూశాడు. ఒక పోగు తీసి నోట్లో వేసుకున్నాడు. నేను ఎదురుగా గొంతు కూర్చుని చూస్తున్నాను. "కణి సరిగ్గా ఉండాది. ఎల్లిపాయ ఏగినాది. పెండ్లికి అందరూ వచ్చినారు, పెండ్లికొడుకు రాలేదు" అన్నాడు. ఉసిరికాయ ముక్క తీసి పళ్ళెం అంచున పెట్టాడు. "ఈయప్ప ఎవురు?" అన్నాడు. నవ్వొచ్చింది నాకు, చాలా రోజుల తర్వాత. ఆయన మాత్రం నవ్వలేదు. నాలుగు పోగులు తిని పళ్ళెం జరిపాడు.

అన్నీ వేసి చూడు, నన్ను వేసి చూడు అంటుందట ఉప్పు. ఊరికే పుట్టలేదు ఆ మాట.

జైతూన్ అన్నావు చూడు, ఆ మాట ఆయన చెవిలో పడింది. అప్పటినుంచి అదే ధ్యాస. అల్లా ప్రమాణం చేసిన పండు కదా అది, ఖురాన్‌లో ఉంది కదా అంటాడు. మసీదు నుంచి ఎవరు పలకరించడానికి వచ్చినా "మా మరదలు రోజూ జైతూన్‌తో వంట సేస్తాండాది" అని చెబుతున్నాడు. మొన్న నా చెయ్యి పట్టుకుని, "మదార్, ఆ పండు ఒక్కటి నోట్లో ఏసుకోని పోవల్లని ఉండాది" అన్నాడు. పోయే మాటలు మాట్లాడొద్దని అరిచాను. ఆ తర్వాత ఒంటరిగా కూర్చుని ఏడ్చాను. ఎవరైనా ఈ వైపు వస్తుంటే నాలుగు పండ్లు పంపగలవా? నీకు శ్రమే. అయినా అడుగుతున్నాను.

మదార్‌బీ


కువైట్,
27 నవంబరు 1983

ఆపాకు సలాం.

మన ఎమ్మిగనూరు గఫూర్ సాబ్ ఇక్కడ డ్రైవరు. వాళ్ళమ్మకు బాగాలేదని టెలిగ్రాం వస్తే నిన్న ఉన్నట్టుండి బయలుదేరాడు. బండి గేటు దగ్గర ఆపి హారన్ కొడితే ఉరికాను. ముందే కొనిపెట్టిన జైతూన్ డబ్బా ఆయన చేతిలో పెట్టడానికే సమయం చాలింది, ఉత్తరం రాసివ్వలేకపోయాను. నోటిమాటగా చెప్పాను, విన్నాడో లేదో తెలియదు. అందుకని ఇది టపాలో వేస్తున్నాను. జాగ్రత్తగా చదువు ఆపా.

ఆ పండు చెట్టు మీద ఉన్నప్పుడు కటిక చేదు. ఉప్పు నీళ్ళలో నెలల తరబడి ఊరబెడితేనే నోట పెట్టుకోగలం. మన మామిడి ఊరగాయలాగే అనుకో. డబ్బాలో ఉన్న నీళ్ళు ఉత్త ఉప్పు. మూత తెరవగానే ఆ నీళ్ళు పారబొయ్యి. పండ్లు మంచినీళ్ళలో ఒక రోజంతా నానేసి, మూడు నాలుగుసార్లు నీళ్ళు మార్చు. గట్టిగా పిండు. అప్పుడు కూడా దూలాభాయ్‌కి రెండు పండ్లకు మించి పెట్టొద్దు. అది కూడా డాక్టర్ని అడిగి పెట్టు. ఆయన కోరిక తీరాలని పంపాను గానీ, పంపినప్పటినుంచి నా మనసు మనసులో లేదు.

మొదటి ఉత్తరంలోనే ఇదంతా రాయాల్సింది. రోజూ చేత్తో ముట్టుకునేది కదా, అందరికీ తెలిసినట్టే అనిపించింది.

మహమూదా


ఆదోని,
5 డిసెంబరు 1983

మహమూదాకు, నూరేళ్ళు చల్లగా ఉండు.

డబ్బా చేరింది. మిల్లుకు నాగా పెట్టి, ఎమ్మిగనూరు బస్సెక్కి పోయి తెచ్చుకున్నాను. పాపం గఫూర్ సాబ్ వాళ్ళమ్మ మంచంలో ఉంది. ఆయన ఆ దిగులులోనే నీ మాట చెప్పాడు: "ఉప్పు గింజ కూడా ఎయ్యొద్దని సెప్పమనింది, పండే సాలంట." ఇంకేమైనా చెప్పిందా అని అడిగాను. "నీళ్ళ సంగతి ఏందో సెప్పినాది, బండి సప్పుడులో ఇనపళ్ళేదు" అన్నాడు.

మూత తీయించి, ముందు నేనొకటి కొరికాను. ఉప్పుప్పగా తగిలింది. వెంటనే ఊసేశాను. ఇది మీకు పనికిరాదు అని డబ్బా పక్కకు జరిపాను. ఆయన చెయ్యి చాచి ఒక పండు తీసుకుని నోట్లో వేసుకున్నాడు. చాలాసేపు చప్పరించాడు, కళ్ళు మూసుకుని. నేను భయంతో చూస్తున్నాను. కళ్ళు తెరిచి, "భయపడాకు మదార్. ఇది ఏసిన ఉప్పు కాదు, పండు ఉప్పు. సింతపండులో పులుపు ఎవురేసినారు? సెరుకులో తీపి ఎవురేసినారు? ఆ దేశంలో నేల అట్లాంటిది" అన్నాడు.

ఉప్పు సంగతి ఆయన చెప్పాక ఆదోనిలో అడ్డం చెప్పేవాళ్ళు ఎవరున్నారు? నీవు ఉప్పు వేయక్కర్లేదని ఎందుకు రాశావో అప్పుడు నాకర్థమైంది.

ఆ సాయంత్రమే చేశాను. శావిగె, టమోటా, వెల్లుల్లి, చివర్లో పండ్లు. నా వాటా ముందే చప్పగా తీసి పెట్టుకున్నాను. ఆయనకు వచ్చిన పండు, నేనెందుకు తినాలి? డబ్బాలో నీళ్ళు పారబోయబోతే చెయ్యి పట్టుకున్నాడు. "మక్కా దిక్కు నుంచి వచ్చిన నీళ్ళు మోరీలో పోస్తావా?" అన్నాడు. నిజమే కదా. వాటితోనే టమోటా ఉడికించాను. మిగిలినవి సీసాలో పోసి పెట్టాడు, పొద్దున, సాయంత్రం బిస్మిల్లా చెప్పి ఒక గుటక తాగుతున్నాడు.

పళ్ళెం ఊడ్చి తిన్నాడు, మహమూదా. వేళ్ళు నాకాడు. ఇంకొంచెం ఉందా అని అడిగాడు. నేను ఆ మాట విని ఎన్ని రోజులైందో. తిన్నాక గోడకానుకుని కూర్చుని, మా పెళ్ళిలో ఎవరు వండారో, ఎంత మాడ్చారో చెప్పి నవ్వించాడు. రోజూ అదే చేయమంటున్నాడు, చేస్తున్నాను. కాళ్ళ వాపు కొంచెం పెరిగినట్టుంది. చలికాలం కదా అంటున్నాడు.

నీ రుణం ఎట్లా తీర్చుకోను?

మదార్‌బీ


కువైట్,
27 డిసెంబరు 1983

ఆపా,

నీ ఉత్తరం ఇప్పుడే వచ్చింది. ఈ ఊళ్ళో బాంబులు పేలిన గొడవలో టపా ఆగిపోయింది. మేడం కారులో పోయి టెలిగ్రాం ఇచ్చి వచ్చాను. అది ముందు చేరుతుంది, అయినా ఇదీ రాస్తున్నాను.

ఆ పండు ఇంక పెట్టొద్దు. ఆ నీళ్ళు పారబొయ్యి. సీసా పగలగొట్టు. అది పండు ఉప్పు కాదు ఆపా, మనుషులు వేసిన ఉప్పు. వెంటనే ఆస్పత్రికి తీసుకుపో. ఏం తాగారో డాక్టరుకు దాచకుండా చెప్పు. మేడంను అడిగాను. ఆమె తల పట్టుకుంది.

నా ముందరి ఉత్తరం నీకు అందలేదా? అందులో అన్నీ రాశాను. అంది ఉండాలి. అల్లా, అంది ఉండాలి.

మహమూదా


ఆదోని,
30 డిసెంబరు 1983

మహమూదాకు,

మీ దూలాభాయ్ పోయిన మంగళవారం కాక అంతకు ముందు మంగళవారం, ఇరవయ్యో తేదీ తెల్లవారుజామున పోయారు. మూడోనాడు, గురువారం, సమాధి దగ్గర జియారత్ చేసి వచ్చిన మగవాళ్ళు గుమ్మంలో చెప్పులు విడుస్తుంటే టపా మనిషి వచ్చాడు. నీవు నవంబరులో రాసిన ఉత్తరం అప్పుడు నా చేతికొచ్చింది. డబ్బాలో ఉన్న నీళ్ళు ఉత్త ఉప్పు అని ఆ రోజు చదువుకున్నాను. నీ టెలిగ్రాం మొన్న వచ్చింది. దాన్ని విప్పలేదు. ఏముంటుందో తెలుసు.

పదహారో తేదీ నుంచి పడుకోలేకపోయాడు. పడుకుంటే ఊపిరాడదు, కూర్చునే ఉండేవాడు. ఆస్పత్రికి మంచం మీద మోసుకుపోయారు. డాక్టరు కాళ్ళు నొక్కి చూసి, "ఏం పెట్టినావమ్మా?" అని అడిగాడు. జైతూన్ అన్నాను. పండు ఉప్పే అన్నాను. ఆయన కరీం సాబ్‌ను పక్కకు తీసుకుపోయాడు. "మాట వింటే ఇంకొన్నాళ్ళు లాగేవాడు" అన్నాడట. కొన్నాళ్ళంటే ఎన్నాళ్ళు?

ఒక్కటే అడుగుతాను. ఊరబెట్టిన పండు అనే ఒక్క మాట మొదటి ఉత్తరంలో ఎందుకు రాయలేదు? వెల్లుల్లి రెబ్బలెన్నో రాశావు. నీ మేడం ఏమందో రాశావు. అది రాయడానికి చెయ్యి రాలేదా? తక్కిన సగం నీ చేతిలో ఉందన్నాడు ఆ డాక్టరు. ఈ చేత్తోనే రోజూ వండి పెట్టాను. రెండోసారి వడ్డించాను, అడిగాడు కదా అని సంతోషంగా.

నాకింక రాయొద్దు.

మదార్‌బీ


కువైట్,
22 జనవరి 1984

ఆపాకు,

రాయొద్దన్నావు. తిడితే పడతాను, రాయకుండా ఉండలేను.

నేను రాయలేదు. రాయలేదు కాబట్టి జరిగింది. పదేళ్ళు నీ ఇంట్లో తిని పెరిగిన దాన్ని. నాన్న పోయాక నన్ను తెచ్చి పెట్టుకున్నది ఆయనే. పొయ్యి ముందు కూర్చోబెట్టి, మంట తగలకుండా అడ్డంగా చెయ్యి పెట్టి నేర్పారు. ఆ నేర్పిన వంటతోనే ఇక్కడ బతుకుతున్నాను.

మేడం సాయంత్రం వస్తూనే మకరోనా అంటుంది. చేస్తున్నాను. ఉద్యోగం కదా. గింజ తీస్తాను, ముక్కలు కోస్తాను. రుచి చూడను. మొన్న ఉప్పు తక్కువైందని మేడం అంది. చూసి వేసుకోండి అన్నాను.

ఇరవై ఎనిమిదికి నలభై దినాలు అవుతాయి. ఆ రోజు నేను ఇక్కడ ఖురాన్ చదివిస్తాను. నన్ను క్షమించావని రాయక్కర్లేదు. ఉన్నావని రాయి.

మహమూదా


ఆదోని,
14 ఫిబ్రవరి 1984

మహమూదాకు మీ ఆపా దువా.

నీ ఉత్తరం నిన్న వచ్చింది. ఉన్నాను. మొగుడు పోయిన ఆడదానికి ఇద్దత్ కదా, మిల్లుకు పోవడం లేదు, గడప దాటడం లేదు. ఈ ఉత్తరం నలభై అయిన మర్నాడే రాయాలనుకున్నాను. కోపం తగ్గాక రాద్దామని ఆగాను. తగ్గలేదు. అయినా ఆ కోపం ఇప్పుడు నీ మీద కాదు.

నలభై నాడు వంట కరీం సాబ్ చేశాడు. దేగ్ దించి, పరదా అవతల కూర్చుని, లోపలున్న నాతో మాట్లాడాడు. "వదినా, మనసులో పెట్టుకోని తిరగలేకుండా ఉండాను. ఒక మాట సెప్తాను, తిట్టొద్దు" అన్నాడు. డిసెంబరులో ఆయన్ను చూడ్డానికి వచ్చినప్పుడు నేను మిల్లులో ఉన్నాను. మీ దూలాభాయ్ డబ్బాలోంచి ఒక పండు తీసి కరీం సాబ్ చేతిలో పెట్టాడట. "సూడు కరీం పనితనం. ఉప్పునీళ్ళల్లో నెలల కొద్దీ ఊరబెట్టినారు. సముద్రం ఉప్పు ఇది. ఒక్క గింజ ఎక్కువ కాలేదు" అన్నాడట. డాక్టరు ఒద్దన్నాడు కదన్నా అని కరీం సాబ్ అంటే, "మదార్‌కు పండు ఉప్పని సెప్పినాను. నీవు నోరు తెరవాకు" అని నవ్వాడట.

అంతా తెలుసు ఆయనకు. తెలియకుండా ఉంటుందా, చెప్పు. మూత పెట్టిన దేగ్‌లో గుప్పెడు తక్కువైందని చెప్పే నాలుకకు, ఊరబెట్టిన ఉప్పుకూ పుట్టిన ఉప్పుకూ తేడా తెలియదా? నాకెందుకు ఆ అనుమానం రాలేదని నన్ను నేనే రోజూ అడుగుతున్నాను. నమ్మాలనిపించి నమ్మాను, అంతే. పళ్ళెం వెనక్కి రాకపోతే చాలనిపించింది. నాకూ విసుగొచ్చింది మహమూదా, చప్పిడి వండీ వండీ.

కరీం సాబ్‌ను తిట్టాను. తిట్టొద్దన్నాడు కదా అని ఊరుకోలేదు, వదిలిపెట్టకుండా తిట్టాను. ఆయన్ను కూడా తిట్టాను, లేని మనిషిని, వచ్చినవాళ్ళ పిల్లలందరూ వింటుండగా. ఇంకొన్నాళ్ళు నా ఎదురుగా చప్పిడి తిని కూర్చోలేకపోయావా, నాకంటే నీకు ఉప్పే ఎక్కువైందా అని అడిగాను. లోపల ఆడవాళ్ళు నన్ను పట్టుకుని నీళ్ళు తాపారు. నీకు రాసిన ఆ ఉత్తరం చించెయ్యి. నీవు ఒక్క మాట రాయలేదు, నిజమే. రాసి ఉన్నా ఆయన ఇంకో దారి వెతికేవాడు. ఇది నిన్ను ఓదార్చడానికి కాదు, నాకు నిజంగా అనిపించి రాస్తున్నాను.

ఫాతిహా చదివే ముందు ఆయనకు ఇష్టమైనవి వండి పెట్టాలన్నారు. బిర్యానీ పెట్టారు, ఖీర్ పెట్టారు. నేను లేచి పొయ్యి రాజేశాను. ఒద్దన్నారు, వినలేదు. శావిగె ఉడకబెట్టి ఒక కణి ఉండగానే దించాను. వెల్లుల్లి వాసన రాగానే టమోటాలు పిసికి వేశాను. జైతూన్ లేదు, ఆ డబ్బా ఎప్పుడో పారేయించాను. ఉసిరికాయ కూడా వేయలేదు. ఉప్పు డబ్బా దించి, సరిగ్గా ఉప్పు వేసి, చిటికెన వేలుతో నాకి చూశాను. సరిపోయింది.

ఫాతిహా అయ్యాక అందరూ బిర్యానీకి కూర్చున్నారు. ఆ పళ్ళెం ఎవరూ ముట్టలేదు, అదేమిటో వాళ్ళకు తెలియదు. నేను లోపలికి తెచ్చుకుని ఒక్కదాన్నే కూర్చుని తిన్నాను. మొత్తం తిన్నాను. సెప్టెంబరు నుంచి నేను తిన్న మొదటి ఉప్పు అదే.

మదార్‌బీ